అంజీర్ కాయలు గోలీ సైజులో ఆగిపోయాయి. పండుతాయా, రాలిపోతాయా?

చివురుకొమ్మ:

అందరికీ నమస్కారం. 40 లీటర్ల కుండీలో అంజీర్ మొక్క, వయసు మూడేళ్లు. నర్సరీ చీటీ మీద బ్రౌన్ టర్కీ అని ఉంది. రోజుకు ఏడు గంటల ఎండ తగులుతుంది. ఈసారి కొత్త కొమ్మల మీద దాదాపు ప్రతి ఆకు మొదట్లోనూ పిందె పట్టింది. మొదటి నెల చకచకా పెరిగి గోలీ కంటే కాస్త పెద్దవయ్యాయి. ఆ తర్వాత ఐదు వారాలుగా కదలిక లేదు. పచ్చగా, గట్టిగా అలాగే ఉన్నాయి. నాలుగైదు రాలాయి. ఒక్కటి మాత్రం రెండు రోజుల్లోనే ఉబ్బి రంగు తిరిగింది, పెద్ద వాన పడిన మర్నాడు పగిలిపోయింది.

నా సందేహాలు ఇవి. ఆగిపోయిన కాయలను కోసి అరటిపళ్లతో కలిపి మాగబెట్టవచ్చా? రెండు కాయలతో చూస్తే మెత్తబడి ముడతలు పడ్డాయే గానీ తీపి రాలేదు, తొడిమ నుంచి పాలు కారుతూనే ఉన్నాయి. కాయ కన్ను (కొమ్మకు అంటని కొసన ఉండే చిన్న రంధ్రం) మీద నూనె చుక్క వేస్తే త్వరగా పండుతుందన్న మాట నిజమా? ఇంకొకటి, ప్రతి అంజీర్‌లోనూ చచ్చిన కందిరీగ ఉంటుందంటారు. మేడిపండు సంగతి తెలిసిందే, ఇదీ అంతేనా?

కణుపు:

చివురుకొమ్మ గారూ, మొక్కకు జబ్బేమీ లేదు. అంజీర్ పెరిగే తీరే అది. కాయ మూడు దశల్లో పెరుగుతుంది. పిందె పట్టిన దగ్గర్నుంచి ఐదారు వారాలు గబగబా పెరుగుతుంది. తర్వాత మూడు నుంచి ఆరు వారాలు పైకి ఏ మార్పూ కనబడదు. లోపల మాత్రం గింజలు తయారవుతూ ఉంటాయి. వాతావరణం చల్లబడితే ఈ మధ్య దశ ఇంకా సాగుతుంది. చివరి దశ వారం, పది రోజులు, మహా అయితే రెండు వారాలు. కాయ ఉబ్బడం, మెత్తబడడం, రంగు, తీపి అన్నీ అప్పుడే జరుగుతాయి. పండులోని చక్కెరలో 90 శాతం దాకా చేరేది ఈ చివరి రోజుల్లోనే. మీ ఐదు వారాలు మధ్య దశ లెక్కలోకే వస్తాయి.

మాగబెట్టడం కుదరకపోవడానికి కారణం కూడా ఇక్కడే ఉంది. పచ్చి అరటికాయ నిండా పిండిపదార్థం ఉంటుంది. కోసి పెట్టినా ఆ పిండి చక్కెరగా మారుతుంది కాబట్టి తియ్యబడుతుంది. అంజీర్ కాయలో అలాంటి నిల్వ లేదు. చక్కెర ఆకుల నుంచి తొడిమ గుండా రోజుకింత చొప్పున రావాలి. తొడిమ తెంపితే ఆ దారి మూసుకుపోయినట్టే. అరటిపళ్ల నుంచి వచ్చే ఎథిలీన్ వాయువు కాయను మెత్తబరచగలదు, లేని తీపిని తేలేదు.

అందుకే కోత సమయం కచ్చితంగా పట్టుకోవాలి. రంగు ఒక్కటే చూడకండి, కొన్ని రకాలు పండాక కూడా పచ్చగానే ఉంటాయి. ముందు మెడ చూడండి. పచ్చి కాయ కొమ్మకు అడ్డంగా, బిర్రుగా నిలబడి ఉంటుంది. పండినప్పుడు మెడ దగ్గర వంగి కిందికి వేలాడుతుంది. తర్వాత పండు మధ్యలో వేలితో నెమ్మదిగా నొక్కండి, చెవి తమ్మెలా మెత్తగా తగలాలి. తొక్క మీద సన్నటి తెల్లని చీలికలు, కన్ను దగ్గర తేనె చుక్క లాంటిది కనిపిస్తే ఆ పూటే కోయాలి. తొడిమతో సహా పైకెత్తి మెలి తిప్పితే చేతికి వచ్చేస్తుంది. తెగిన చోట తెల్లటి పాలు ధారగా వస్తే రెండు మూడు రోజులు తొందరపడ్డట్టు.

ఆ పాలతో జాగ్రత్త. వాటిలో ఫిసిన్ అనే ఎంజైము ఉంటుంది, పెదవులనూ నాలుకనూ మండిస్తుంది. సోరాలెన్ అనే పదార్థం కూడా ఉంటుంది, అది చర్మం మీద ఉండగా ఎండ తగిలితే ఒకటి రెండు రోజుల్లో బొబ్బలు లేస్తాయి, ఆ మచ్చలు నెలల తరబడి పోవు. కత్తిరింపులు పొడుగు చేతుల చొక్కా, తొడుగులు వేసుకుని చేయండి. పాలు అంటితే ఎండలోకి వెళ్లకముందే సబ్బుతో కడిగేయండి.

నూనె సంగతి నిజమే, చాలా పాత పద్ధతి. మధ్య దశ ముగిసే వేళ కన్ను మీద ఒక చుక్క ఆలివ్ నూనె సన్నటి కుంచెతో రాస్తే, రెండు వారాలు పట్టే కాయ దాదాపు వారంలో పండుతుంది. నూనె ప్రభావంతో కాయలో ఎథిలీన్ తయారీ పెరగడం దీనికి మూలం. అయితే వేళ తప్పితే కాయ దండగ. గుర్తు ఏమిటంటే, అదే వయసు కాయ ఒకటి కోసి నిలువుగా చీల్చి చూడండి. లోపల తెల్లగా ఉంటే ఇంకా తొందర. గులాబీ రంగు తిరిగితే అదే అదను. ఒక కొమ్మ మీద కింది కాయలు ముందు, పై కాయలు వెనక పండుతాయి కాబట్టి అన్నిటికీ ఒకే రోజు రాయకండి. కింది రెండు మూడింటితో మొదలుపెట్టండి.

తడిమట్టి:

నూనె విషయంలో నాది వేరే అభిప్రాయం. చలి ముంచుకొస్తూ, ఆకు రాలేలోపు కాయ పండదనుకున్నప్పుడు సరే. ఇంకా ఎండలు మిగిలి ఉంటే వద్దు. చివరి దశను కుదించితే ఆకుల నుంచి చక్కెర చేరే రోజులూ తగ్గుతాయి. పైగా జిడ్డు కన్ను మీద దుమ్ము అంటుతుంది. మరో వారం ఆగి తింటే వచ్చే రుచి ముందు ఈ తొందర నాకు లాభంగా కనిపించదు.

కందిరీగ ప్రశ్నకు వస్తాను, ఎందుకంటే కాయలు ఎందుకు రాలతాయన్న దానికీ దీనికీ సంబంధం ఉంది.

అంజీర్ మనం పండు అనుకుంటాం గానీ, లోపలికి తిరిగిన పూలగుత్తి అది. కండగల సంచి, దాని లోపలి గోడ నిండా వందల పూలు, బయటికి ఒకే ఒక రంధ్రం. మీరు కన్ను అంటున్నది ఆ రంధ్రాన్నే. పూలు బయటికి కనబడవు కాబట్టి పూయకుండానే కాసిందనిపిస్తుంది. మేడి, మర్రి, రావి అన్నీ ఇదే ఫైకస్ జాతి, కాయ కట్టుబడి అన్నిటికీ ఒకటే. కానీ ఒక్కో దానికి వచ్చే కందిరీగ వేరు, అవసరమూ వేరు.

సాగులో ఉన్న అంజీర్‌లను నాలుగు తెగలుగా చెబుతారు. మొదటిది సాధారణ తెగ. బ్రౌన్ టర్కీ, బ్లాక్ మిషన్, కడోటా, సెలెస్ట్ ఇందులోవే. వీటికి పరాగసంపర్కమే అక్కర్లేదు, కందిరీగ రాకపోయినా కాయ పండుతుంది. రెండోది స్మిర్నా తెగ. కందిరీగ పుప్పొడి తెస్తేనే కాయ నిలుస్తుంది, లేదంటే గోలీ సైజులోనే పసుపెక్కి రాలిపోతుంది. మూడోది సాన్ పెడ్రో. పాత కొమ్మ మీద వచ్చే తొలి కాపు దానంతటదే పండుతుంది, కొత్త కొమ్మ మీది రెండో కాపుకు పుప్పొడి కావాలి. నాలుగోది కాప్రిఫిగ్, అంటే మగ అంజీర్. పుప్పొడి తయారయ్యేదీ, కందిరీగ పిల్లల్ని పెట్టేదీ దాంట్లోనే.

ఆ కందిరీగ పేరు బ్లాస్టోఫాగా సెనెస్, పొడవు రెండు మిల్లీమీటర్లు. పుప్పొడితో కన్ను గుండా దూరేటప్పుడే దాని రెక్కలు ఊడిపోతాయి. దూరింది మగ అంజీర్ అయితే పొట్టి కీలం (పువ్వులో అండాశయం పైన ఉండే సన్నటి కాడ) ఉన్న పూలలో గుడ్లు పెడుతుంది. మనం తినే రకమైతే కీలాలు పొడుగు, కందిరీగ గుడ్డు పెట్టే గొట్టం అండాశయం దాకా అందదు. అలా తిరుగుతూ పుప్పొడి రాల్చి అక్కడే చనిపోతుంది. దాని మెత్తటి భాగాలను ఫిసిన్ కరిగించేస్తుంది. కొరికినప్పుడు కరకరమనేవి పురుగు ముక్కలు కావు, గింజలు. మీది నిజంగా బ్రౌన్ టర్కీ అయితే కందిరీగ ఊసే అక్కర్లేదు. ఎండు అంజీర్‌లలో స్మిర్నా తెగవి ఎక్కువ కాబట్టి వాటి విషయంలో ఆ మాటలో కొంత నిజముంది.

స్మిర్నా అంటే టర్కీలోని నేటి ఇజ్మీర్. ఆ ప్రాంతపు మొక్కలను 1880ల్లో కాలిఫోర్నియా తీసుకెళ్లి నాటితే ఏళ్ల తరబడి కాయలన్నీ రాలిపోయాయి. 1899లో కందిరీగను కూడా తెచ్చి స్థిరపరిచాకే కాపు నిలిచింది. ఆ రకానికే కాలిమిర్నా అని పేరు పెట్టుకున్నారు. కందిరీగలు వచ్చేలా కాప్రిఫిగ్ కాయలను తోటలో కట్టడం గురించి క్రీస్తుపూర్వం 4వ శతాబ్దంలోనే గ్రీకు పండితుడు థియోఫ్రాస్టస్ రాశాడు. టర్కీ తోటల్లో నేటికీ అదే పని చేస్తారు.

చీటీ మీద పేరును పూర్తిగా నమ్మకండి, బ్రౌన్ టర్కీ పేరుతో చాలా వేరే రకాలు చేతులు మారతాయి. గింజ నుంచి మొలిచిన మొక్కయితే మరీ అనుమానించాలి. వాటిలో సుమారు సగం మగవి, మిగతా వాటిలో చాలామటుకు పుప్పొడి కోరేవి. మీ చెట్టున ఒక్క కాయైనా ఉబ్బి రంగు తిరిగింది కాబట్టి, ఆ ప్రాంతంలో కందిరీగ లేకపోతే అది సాధారణ తెగే.

పెరటిచెట్టు:

తెగ కుదిరాక కూడా కాయ రాలుతోందంటే నీళ్లు, ఎరువు, వేర్లు ఈ వరుసలో చూడండి. కుండీలో పది రాలుళ్లలో తొమ్మిదికి కారణం నీళ్లే.

అంజీర్ ఎండకు ఓర్చుకుంటుందని పేరు. అది నేలలో లోతుగా వేళ్లు దించిన చెట్టు మాట. కుండీలో అంత పెద్ద ఆకులతో 40 లీటర్ల మట్టిని రెండు ఎండల్లో పీల్చేస్తుంది. ఒక్కసారి ఆకు బాగా వాడితే, వెంటనే నీళ్లు పోసినా, వారం తర్వాత కాయ రాలుతుంది. కారణం వారం వెనక ఉంటుంది కాబట్టి ఎవరూ పోల్చుకోరు. పై మట్టి రెండు మూడు సెంటీమీటర్లు ఆరగానే అడుగు రంధ్రాల నుంచి కారేదాకా పోయండి. ఎండాకాలం ఇది రోజూ ఉండే పని. మట్టి మీద ఐదు సెంటీమీటర్ల మందాన ఎండుటాకులో గడ్డో పరిచి, కాండం చుట్టూ నాలుగు వేళ్ల జాగా వదలండి. కుండీ కింద నీళ్లు నిలిచే పళ్లెం వద్దు, వేరు కుళ్లుతుంది.

పండు పగిలింది కూడా ఇందుకే. ఎండిన మట్టికి ఒక్కసారిగా నీరందితే లోపలి కండ ఉబ్బినంత వేగంగా తొక్క సాగదు. వానను ఆపలేం గానీ, అంతకుముందు మట్టి ఎండిపోకుండా చూస్తే దెబ్బ సగం తగ్గుతుంది. వాన రాబోతోందంటే మెత్తబడుతున్న పళ్లను ఒక పూట ముందే కోసేయండి.

ఎరువు తక్కువే మంచిది. చిగురు వేసేటప్పుడు బాగా చివికిన కంపోస్టు రెండు మూడు కిలోలు పైన వేసి కలపండి. పిందె పట్టాక నత్రజని ఆపి, అవసరమైతే పొటాష్ ఎక్కువున్న ఎరువు పలచగా ఇవ్వండి. కాపుకొచ్చిన చెట్టు కొమ్మ ఏడాదికి 30 నుంచి 45 సెంటీమీటర్లు పెరిగితే సరిపోతుంది. అంతకు మించి సాగి, కణుపుల మధ్య ఎడం పెరిగి, ఆకు ముదురుపచ్చగా ఉంటే నత్రజని ఎక్కువైందని అర్థం. అలాంటి కొమ్మ కాయను నిలబెట్టుకోదు.

కొమ్మకు ఐదారు ఆకులు రాగానే కొనను గిల్లేయండి. పెరుగుదల ఆగి ఆ బలం పిందెకు పోతుంది. కాలం చివర్లో కొనల దగ్గర పుట్టే బఠాణీ గింజంత పిందెలు ఆకు రాలేలోపు పండవు, తీసేయడమే మంచిది. మూడేళ్ల మొక్కకు కొమ్మకు ఆరేడు కాయలు చాలు.

కత్తిరింపుకు ముందు కాపు ఎక్కడ వస్తుందో గుర్తుంచుకోండి. తొలి కాపు నిరుటి కొమ్మ మీద, ప్రధానమైన కాపు ఈ ఏటి కొత్త కొమ్మ మీద. నిద్రకాలంలో, అంటే ఆకు రాల్చి ఉన్నప్పుడు, అన్నిటినీ పొట్టిగా నరికితే తొలి కాపు ఉండదు. బ్రౌన్ టర్కీకి అసలు కాపు కొత్త కొమ్మ మీదే కాబట్టి పెద్ద నష్టం లేదు, సాన్ పెడ్రో తెగకు మాత్రం ఉన్న ఒక్క కాపూ పోతుంది.

రెండు మూడేళ్లకోసారి, ఆకు రాల్చి ఉన్నప్పుడు, మొక్కను కుండీ నుంచి తీసి వేరుముద్ద చుట్టూ, అడుగునా నాలుగైదు సెంటీమీటర్లు కోసి కొత్త మట్టి నింపాలి. మీది మూడో ఏడు కదా, ఈ నిద్రకాలంలో చేయండి. అప్పుడే వేర్ల మీద బొడిపెలున్నాయేమో చూడండి. ఉంటే నులిపురుగులు. పూర్తిగా వదిలించే మందు లేదు. ఆ మొక్క నుంచి తీసిన కొమ్మ ముక్కలతో కొత్త మట్టిలో మళ్లీ మొదలుపెట్టడం నయం.

కొమ్మ ముక్క నాటడం తేలిక. నిద్రలో ఉన్న ఏడాది వయసు కొమ్మ, పెన్సిల్ నుంచి బొటనవేలు లావు, పొడవు 20 సెంటీమీటర్లు, మూడు నాలుగు కణుపులు. కింది కోత కణుపుకు సరిగ్గా దిగువన పడాలి. మూడింట రెండొంతులు మట్టిలో, ఒక కణుపు పైన ఉంచండి. ఇసుక, కోకోపీట్ సగం సగం. వేళ్లు రావడానికి నాలుగు నుంచి ఆరు వారాలు. ముక్కలు చచ్చేది ఎండి కాదు, తడి ఎక్కువై కుళ్లి. ఆకు ముందొచ్చిందని వేరు వచ్చిందనుకుని లాగి చూడకండి.

చివురుకొమ్మ:

చాలా వివరంగా చెప్పారండీ. నీళ్లు రెండు రోజులకోసారి పోయడం జరుగుతోంది, లోపం అక్కడే ఉందని అర్థమైంది. ఇంకో రెండు సంగతులు. కింది ఆకుల మీద పసుపు చుక్కలు, వెనక వైపు ఇటుకరంగు పొడి. ఇంకో పండు చూడ్డానికి బాగానే ఉంది గానీ కన్ను నుంచి నురగలాంటి రసం కారి పులిసిన వాసన వచ్చింది. తినొచ్చా? ఎక్కువ పండినప్పుడు ఎండబెట్టే కొలతలు కూడా చెప్పగలరా?

కణుపు:

ఇటుకరంగు పొడి తుప్పు తెగులు. శిలీంధ్రం వల్ల వస్తుంది. చూస్తుండగా ఆకులన్నీ రాలి కాయలకు చక్కెర పంపేవి మిగలవు, అసలు నష్టం అది. మచ్చపడ్డ ఆకులు, రాలినవి ఏరి కాల్చేయండి లేదా దూరంగా పూడ్చండి. నీళ్లు మొక్క మొదలు దగ్గరే పోయాలి, ఆకుల మీద పడకూడదు. కొమ్మల మధ్య గాలి ఆడాలి. రాగి మందు తెగులు మొదట్లో, ఆకు వెనక తడిసేలా కొడితే పనిచేస్తుంది. పళ్లు మెత్తబడుతున్నప్పుడు కొట్టకండి.

ఆకుల మీద లేత పసుపు పట్టీలు వంకరటింకరగా ఉండి, ఆకు ఆకారం కూడా చెడితే అది తుప్పు కాదు, మొజాయిక్ వైరస్. కంటికి కనబడని నల్లి, తెగులున్న కొమ్మ ముక్కలు దాన్ని మోస్తాయి. మందు లేదు. చెట్టు బలంగా ఉంటే కాపు ఇస్తూనే ఉంటుంది గానీ, దాని కొమ్మలు ఎవరికీ ఇవ్వకండి.

పులిసిన పండు తినకండి. కన్ను తెరుచుకున్నాక చిన్న పెంకు పురుగులు, పళ్ల ఈగలు లోపలికి వెళ్తూ ఈస్టును మోసుకెళ్తాయి, చక్కెర పులిసి నురగగా కారుతుంది. దాన్ని చెట్టు మీద వదిలితే పక్క పళ్లకూ అవే పోతాయి. కింద పారేయకుండా సంచిలో కట్టి తీసేయండి. మెత్తబడడం మొదలైన పండుకు పలుచని వలగుడ్డ సంచి కట్టి మూతి బిగిస్తే ఈగలు, పక్షులు రెండూ ఆగుతాయి. కన్ను బిగుతుగా ఉండే సెలెస్ట్ లాంటి రకాల్లో ఈ బాధ తక్కువ.

పెరటిచెట్టు:

ఎండబెట్టడానికి బాగా పండి, మెడ వాడిపోయిన పళ్లే తీసుకోండి. పచ్చివి ఎండితే తోలుముక్కలవుతాయి. మూడు కిలోల తాజా పళ్లకు సుమారు ఒక కిలో ఎండువి వస్తాయి.

కడిగి, తుడిచి, నిలువునా రెండు చెక్కలు చేసి, కోసిన వైపు పైకి ఉండేలా పరచండి. డ్రైయర్‌లో 57 నుంచి 60 డిగ్రీల వేడి చాలు. చెక్కలకు పది పన్నెండు గంటలు, మొత్తం పళ్లకు ఒక రోజు దాటుతుంది. వేడి పెంచితే పైన గట్టిపడి లోపల తేమ చిక్కుకుంటుంది, నెల తిరక్కుండా బూజు పడుతుంది. మొత్తంగా ఎండబెట్టేవైతే మరిగే నీళ్లలో 30 సెకన్లు ముంచి తీయండి. తొక్క సన్నగా చిట్లి తేమ పోవడానికి దారి దొరుకుతుంది. ఎండలో అయితే నాలుగైదు రోజులు, రోజుకోసారి తిప్పుతూ, సన్నటి గుడ్డ కప్పి, సాయంత్రం లోపలికి తెచ్చుకోవాలి.

అయిందనడానికి గుర్తు: చీల్చి నొక్కితే రసం ఊరకూడదు, వంచితే విరగకూడదు. ఆరాక సీసాలో మూడింట రెండొంతులు నింపి మూతపెట్టి వారం పాటు రోజూ కుదపండి. గోడకు చెమ్మ కనబడితే మళ్లీ ఆరబెట్టండి. చివరగా మైనస్ 18 డిగ్రీల్లో రెండు రోజులుంచితే కంటపడని గుడ్లూ పురుగులూ చస్తాయి. కొన్ని వారాలకు పైన తెల్లటి పొడి తేలితే కంగారు వద్దు, అది పైకి వచ్చిన చక్కెర. నూగులా లేచినా, ముక్కిన వాసన వేసినా బూజు. చీల్చినప్పుడు లోపల నల్లటి పొడి ఉంటే మాత్రం మొత్తం పారేయాలి, ఆ బూజుల్లో విషం తయారు చేసేవి ఉంటాయి.

తడిమట్టి:

తాజా పండు సంగతి కూడా చెప్పాలి. కోసిన పండు బయట ఒక రోజు, ఫ్రిజ్‌లో ఒకే వరుసగా పరిస్తే రెండు మూడు రోజులు. కడిగి పెట్టకండి, తినబోయే ముందే కడగాలి. చల్లగా తింటే వాసన సగం తెలియదు, అరగంట ముందు బయట పెట్టండి. తొక్కతో సహా తినొచ్చు, తొడిమ ఒక్కటి తీసేస్తే చాలు. కన్ను వైపు నుంచి నాలుగు పాయలుగా విప్పితే లోపల పులిసిందో, చీమ దూరిందో ముందే కనబడుతుంది.

తాజా పండును పాలలో కొట్టి ఉంచితే కాసేపటికి విరిగినట్టయి చేదెక్కుతుంది. ఫిసిన్ పాలలోని మాంసకృత్తులను విడగొట్టడమే కారణం. జెలటిన్ గడ్డకట్టకపోవడమూ దానివల్లే. పండును ముందు ఉడికిస్తే ఆ ఎంజైము పనిచేయడం ఆగిపోతుంది. సీసాలో నిల్వ పెట్టదలిస్తే అంజీర్‌లో పులుపు తక్కువని మరవకండి. లీటరు సీసాకు రెండు టేబుల్ స్పూన్ల నిమ్మరసం కలిపి తీరాలి, అది రుచి కోసం కాదు, హానికర సూక్ష్మజీవులు పెరగకుండా.

ఎండు అంజీర్ 100 గ్రాములకు సుమారు 250 కేలరీలు, అందులో చక్కెర సగం దాకా ఉంటుంది, పీచు 10 గ్రాములు. మధుమేహం ఉన్నవారు తాజా పండు లెక్కలోనే ఎండుది తినకూడదు. రబ్బరు తొడుగులు పడనివారికి అంజీర్ కూడా పడకపోవచ్చు, నోరు దురద పెడితే ఆపేయాలి.

చివురుకొమ్మ గారూ, ముందు నీళ్లు రోజువారీ చేయండి. పది రోజుల తర్వాత కింది కాయ మెడ వంగిందా లేదా చూసి ఇక్కడ రాయండి. వంగకపోతే ఒకటి చీల్చి, లోపలి రంగు చెబితే ఇంకెన్నాళ్లో లెక్క చెప్పవచ్చు.